స్కోన్లకి వెన్నా, క్రీమా, నెయ్యా? ఓటీజీ కొనాలా, మూకుడు సరిపోతుందా?

మొన్న శ్రీకాకుళం నుంచి మా ఆడపడుచు ఫోన్ చేసింది. "వదినా, స్కోన్లు చేద్దామనుకుంటున్నాను. ఓటీజీ ఎన్ని లీటర్లది కొనమంటావు?" అని. ఇంకా మైదా కొనలేదు, ఒక్కసారీ చేసి చూడలేదు, అప్పుడే ఓటీజీ (కరెంటు మీద నడిచే చిన్న ఓవెన్) దగ్గరికి వెళ్ళిపోయింది. నేనూ అలా మొదలుపెట్టినదాన్నే కాబట్టి నవ్వలేదు. "ఇప్పుడేమీ కొనకు. ముందు నీ ఫ్రిజ్‌లో ఏముందో చూసి చెప్పు" అన్నాను. ఆ అరగంట మాట్లాడుకున్నదాన్నే ఇక్కడ ఇంకాస్త వివరంగా రాస్తున్నాను. ఎందుకంటే స్కోన్ బాగా రావడం, రాకపోవడం సగం పైగా కొవ్వు మీద, దాని చల్లదనం మీద ఉంటుంది. ఓటీజీ సంగతి ఆ తర్వాతే.

తెలియనివాళ్ల కోసం రెండు ముక్కలు. స్కోన్ అంటే బేకరీ టీ బన్నుకీ, ఉప్పు బిస్కట్‌కీ మధ్య రకం. పైన కాస్త కరకరలాడుతుంది, లోపల మెత్తగా ఉంటుంది, చేత్తో విరిస్తే అడ్డంగా రెండు ముక్కలుగా విడిపోతుంది. ఈస్ట్ వేయక్కర్లేదు, పిండి పులియబెట్టక్కర్లేదు, గుడ్డు లేకుండానే వస్తుంది. కార్తీకమాసంలో కూడా బేకింగ్ సరదా తీరాలంటే ఇంతకన్నా మంచిది లేదు. దీని పుట్టిల్లు స్కాట్లాండ్. ఆ పేరు 1513 నాటి రాతలోనే కనిపిస్తుంది. అప్పటికి బేకింగ్ పౌడర్ లేదు, ఇళ్లలో ఓవెన్లూ తక్కువే. పెనం మీదే కాల్చుకునేవారు. ఈ సంగతి గుర్తుపెట్టుకోండి, తర్వాత పనికొస్తుంది.

ముందు మామూలు లెక్క చెప్పేస్తాను, మార్పులన్నీ దీని మీదే. 250 గ్రాముల మైదా, అంటే రెండు కప్పులు. మూడు టీ చెంచాల బేకింగ్ పౌడర్, రెండు పెద్ద చెంచాల పంచదార, పావు చెంచా ఉప్పు, 60 గ్రాముల చల్లటి వెన్న, 150 మిల్లీ చల్లటి పాలు. పొడి సరుకులన్నీ జల్లించి, వెన్నని వేళ్ల కొసలతో పిండిలో నలపాలి. బొంబాయి రవ్వలా అయ్యాక పాలు పోసి, ముద్ద అయ్యేవరకే కలపాలి. రెండు వేళ్ల మందాన తట్టి, కోసి, బాగా వేడి మీద కాల్చాలి. ఎనిమిది వస్తాయి.

ఇందులో మనవాళ్లందరం చేసే తప్పు ఒకటే. పిండి చేతికి తగలగానే పిసికేస్తాం. ఏళ్ల తరబడి చపాతీలు చేసిన చెయ్యి ఊరుకోదు. పిసికినకొద్దీ మైదాకి సాగే గుణం వస్తుంది, స్కోన్ రబ్బరులా తయారవుతుంది. ముద్ద గరుకుగా, అక్కడక్కడా పొడి కనబడుతూ, "ఇంకా కలవలేదే" అనిపించినప్పుడే చెయ్యి తీసేయండి.

కొవ్వు సంగతి

వెన్నతో చేసినవే అసలైన స్కోన్లంటారు. రుచిలో అది నిజమే. వెన్నలో దాదాపు 80 శాతం కొవ్వు, మిగతాదాంట్లో ఎక్కువ నీళ్లు. చిన్న చిన్న వెన్న పలుకులు పిండి మధ్య ఇరుక్కుని ఉంటాయి కదా, వేడి తగలగానే అవి కరిగి అక్కడ ఖాళీ ఏర్పడుతుంది, వాటిలోని నీరు ఆవిరై పిండిని పైకి నెడుతుంది. పొరలు వచ్చేది అలాగే. వెన్న గిన్నెలోనే కరిగిపోతే మైదా దాన్ని పీల్చేసుకుంటుంది, ఇక ఖాళీలూ లేవు, పొరలూ లేవు.

మన దగ్గర చిక్కు అక్కడే వస్తుంది. వెన్న 35 డిగ్రీల దగ్గర పూర్తిగా కరిగిపోతుంది, అంతకు చాలా ముందే మెత్తబడుతుంది. మే నెలలో విజయనగరంలో మధ్యాహ్నం వంటింట్లో స్టవ్ వెలిగించి నిలబడితే ఎంత వేడి ఉంటుందో వేరే చెప్పాలా? ఇంగ్లిష్ వీడియోల్లో ఆవిడ తాపీగా వేళ్లతో నలుపుతూ కబుర్లు చెబుతుంటుంది, ఆవిడ వంటింట్లో స్వెట్టరు వేసుకుని ఉంటుంది. నేను అదే పని చేస్తే అయిదు నిమిషాల్లో వేళ్ల సందుల్లోంచి నూనె కారింది.

దీనికి నాకు దొరికిన ఉపాయం తురుము. వెన్నని రాయిలా గడ్డకట్టేవరకు ఫ్రీజర్‌లో పెట్టి, గిన్నెలో మైదా పోసి, పైన చీజ్ తురుముకునే పళ్లెం పెట్టి గబగబా తురిమేస్తాను. పట్టుకునే చోట కాగితం చుట్టుకుంటే చేతి వేడి తగలదు. తురుము పిండిలో పడగానే చెంచాతో పైపైన కలుపుతాను. వేళ్లతో నలిపే పనే లేదు. సన్నటి వెన్న పోగులు పిండి పూసుకుని, తెల్లటి సేమియా ముక్కల్లా కనబడతాయి. ఆ దశలో గిన్నెతో సహా పది నిమిషాలు ఫ్రిజ్‌లో పెట్టి, ఆ తర్వాతే పాలు పోయాలి. ఇలా చేస్తే ఎండాకాలంలోనూ వెన్న స్కోన్లు వస్తాయి, కానీ ఉదయం ఏడు లోపు పెట్టుకోవాల్సిన పని అది.

ప్యాకెట్ వెన్న వాడితే చాలావాటిలో ఉప్పు ఉంటుంది, కాబట్టి పైన చెప్పిన పావు చెంచా మానేయండి. ఇంట్లో చిలికిన వెన్నపూస అయితే రుచి ఇంకా బావుంటుంది గానీ అందులో మజ్జిగ మిగిలి ఉంటుంది. చల్లటి నీళ్లలో రెండుసార్లు కడిగి, గట్టిగా పిండి, 60 బదులు 70 గ్రాములు తీసుకోండి. పాలు కాస్త తగ్గించాలి.

నెయ్యి సంగతి. నా మొదటి స్కోన్లు నేతివే. వెన్నకన్నా నెయ్యి గొప్పది కదా అని ధీమా. ఇల్లంతా ఘుమఘుమలాడింది. మా అత్తగారు ఒకటి తిని, "బావుందమ్మా, గానీ బిస్కట్ ఇంత లావుగా ఎందుకు చేసినావు?" అన్నారు. ఆవిడ మాట అక్షరాలా నిజం. నెయ్యిలో నీళ్లు దాదాపు ఉండవు కాబట్టి ఆవిరి రాదు, పైగా అది పిండి అంతటికీ పట్టేసి గుల్లగుల్లగా చేస్తుంది. బిస్కట్లకి ఆ గుణం కావాలి, స్కోన్‌కి వద్దు. ఇంట్లో నెయ్యి తప్ప ఇంకేమీ లేదంటే పేరుకున్న నెయ్యి 50 గ్రాములు వాడండి, తిని ఆనందించండి, స్కోన్ అని మాత్రం పేరు పెట్టకండి. డాల్డా వెన్నంత త్వరగా కరగదు, పని తేలికవుతుంది, కానీ తిన్నాక అంగిట్లో అంటుకున్నట్టు ఉంటుంది. నేను వాడను.

ఇక క్రీమ్. మొదటిసారి చేసేవాళ్లకి, ముఖ్యంగా మార్చి నుంచి జూన్ దాకా, నా ఓటు దీనికే. మామూలుగా దొరికే ఫ్రెష్ క్రీమ్ ప్యాకెట్లలో 25 శాతం కొవ్వు ఉంటుంది. 200 మిల్లీ తీసుకుంటే దాదాపు 50 గ్రాముల కొవ్వు. 60 గ్రాముల వెన్నలో ఉండేదీ 48 గ్రాములే. అంటే మనకి కావలసిన కొవ్వూ, మనం పాల రూపంలో పోయాల్సిన నీళ్లూ రెండూ ఆ ప్యాకెట్‌లోనే కలిసి ఉన్నాయి. నలపడం లేదు, తురమడం లేదు. పిండిలో చల్లటి క్రీమ్ పోసి, చాకుతో నాలుగు తిప్పులు తిప్పి, పొడిగా ఉంటే ఒకటి రెండు చెంచాల పాలు చిలకరిస్తే ముద్ద సిద్ధం. వెన్నవాటిలా స్పష్టమైన పొరలు రావు, అది ఒప్పుకోవాలి. కానీ లోపల దూదిలా ఉంటుంది, పాడయ్యే అవకాశం చాలా తక్కువ.

ఇంట్లో పోగుచేసిన మీగడ కూడా ఇదే దారి. వారం రోజుల మీగడ కాస్త పులిసి ఉంటుంది, అందులో నీళ్లెంతో ఒక్కో ఇంట ఒక్కోలా ఉంటుంది. కవ్వంతో ఒక్క తిప్పు తిప్పి జారుగా చేసుకుని (వెన్న పడేదాకా చిలక్కండి), కొంచెం కొంచెంగా పోసుకోండి. పులుపుకి తోడు చిటికెడు వంట సోడా వేస్తే రంగూ పొంగూ రెండూ బావుంటాయి.

పొంగించేది ఏది

ఇక్కడ ఎక్కువ ఆలోచించక్కర్లేదు, బేకింగ్ పౌడరే. 1843లో ఆల్ఫ్రెడ్ బర్డ్ అనే ఇంగ్లిష్ ఆయన ఈస్ట్ లేకుండా రొట్టె పొంగడానికి తయారుచేసిన పొడి ఇది. సోడానీ పులుపునీ పొడి రూపంలో కలిపి ఉంచుతారు, తడి తగిలితే రెండూ కలిసి గ్యాస్ విడుదలవుతుంది. మన కోస్తా గాలిలోని చెమ్మే దీనికి శత్రువు. మూత సరిగా పెట్టని డబ్బా వర్షాకాలంలో గాలిచెమ్మతోనే సగం పని ముగించేస్తుంది. ఒక కొట్లో కొన్న డబ్బాతో నేను వరసగా రెండుసార్లు రాళ్లు కాల్చాను, మైదాని తిట్టుకున్నాను, తర్వాత చూస్తే పొడి ఉండలు కట్టి ఉంది. అర చెంచా పొడి వేడి నీళ్లలో వేసి చూడండి. బుసబుసమని నురగ రావాలి. నీరసంగా నాలుగు బుడగలు వస్తే పారేయడమే.

వంట సోడా ఒక్కటే ఉంటే పాలకి బదులు పుల్ల మజ్జిగ పోయాలి. పులుపు లేని సోడా పనిచేయడం మానేసి, సబ్బు రుచి మిగులుస్తుంది. 250 గ్రాముల మైదాకి అర టీ చెంచా సోడా, చిక్కటి పుల్ల మజ్జిగ 150 మిల్లీ పైచిలుకు. సోడా బేకింగ్ పౌడర్‌కన్నా మూడు రెట్లు బలమైనది, చెయ్యి జారకూడదు. మజ్జిగ పోసిన క్షణం నుంచి గ్యాస్ పోతూనే ఉంటుంది కాబట్టి పది నిమిషాల్లో పొయ్యి ఎక్కించాలి. ఈనో వేస్తే ఎలా ఉంటుందని అడిగేవాళ్లున్నారు. ఢోక్లాకైతే భేష్, కలిపి వెంటనే ఆవిరికి పెట్టేస్తాం. స్కోన్‌ని తట్టి, కోసి, సర్దేలోపు దాని జోరు అయిపోతుంది.

దేని మీద కాల్చాలి

ఓటీజీ ఉన్నవాళ్లకి బాధ లేదు. పైనా కిందా రెండు రాడ్లూ వేసి, 210 డిగ్రీల దగ్గర పదిహేను నిమిషాలు ముందుగా వేడెక్కించి, మధ్య అరలో పద్నాలుగు, పదిహేను నిమిషాలు. స్కోన్లకి మొదట్లోనే గట్టి దెబ్బలాంటి వేడి తగలాలి. నెమ్మదిగా వేడెక్కే ఓవెన్‌లో పెడితే పొంగేలోపు వెన్న కారిపోతుంది. నా మొదటి ఓటీజీ డయల్ మీద 210 చూపించేది, లోపల ధర్మామీటరు పెడితే 175 దాటేది కాదు. అందుకని కొత్తదాన్ని గుడ్డిగా నమ్మకండి. ఒకట్రెండు సార్లు చేసి చూస్తే దాని స్వభావం తెలుస్తుంది. లీటర్ల ప్రశ్నకి జవాబు: ఎనిమిది స్కోన్లకి 20 నుంచి 25 లీటర్లు చాలు. మరీ చిన్నవాటిలో రాడ్డు నెత్తి మీదే ఉంటుంది, పైన మాడి లోపల పచ్చిగా ఉండిపోతాయి. కరెంటు భయం పెద్దగా అక్కర్లేదు. 1500 వాట్లది అరగంట నడిస్తే ముప్పావు యూనిట్.

మూకుడు, లేదా పాత కుక్కర్. అడుగున ఒక అంగుళం మందాన కల్లుప్పు పోసి, దాని మీద స్టాండ్, మూత పెట్టి మధ్యస్థ మంట మీద పది పన్నెండు నిమిషాలు. తర్వాత నెయ్యి రాసిన పళ్లెంలో స్కోన్లు సర్ది లోపల పెట్టి, మళ్లీ మూత. పాతిక నిమిషాలు. కుక్కర్ అయితే రబ్బరు, విజిల్ తీసేయాలి, నీళ్లు పోయకూడదు. రోజూ అన్నం వండే కుక్కర్‌ని దీనికి వాడొద్దు, ఖాళీగా కాలి అడుగు వంగుతుంది. నాన్‌స్టిక్ అసలు వద్దు. మూకుడు స్కోన్ పొంగు విషయంలో ఓటీజీకి ఏమీ తీసిపోదు. లోటల్లా రంగు. పైన రాడ్డు లేదు కాబట్టి పాలిపోయి ఉంటాయి. పెట్టే ముందు పైన పంచదార కలిపిన పాలు రాయండి, చివర్లో తిరగేసి పెనం మీద రెండు నిమిషాలు ఉంచండి. రంగు వచ్చేస్తుంది.

ఇప్పుడు పెనం. చాలామంది దీన్ని గతిలేనివాళ్ల పద్ధతి అనుకుంటారు గానీ, పైన చెప్పాను కదా, స్కాట్లాండ్‌లో పాత పద్ధతి ఇదే. మనం మందపాటి మినప రొట్టెని సన్న సెగ మీద మూతపెట్టి కాల్చుకున్నట్టే. పిండి మందం తగ్గించాలి, ఒకటిన్నర సెంటీమీటరు చాలు. గుండ్రంగా తట్టి, చాకుతో ఆరు త్రికోణాలుగా కోసి, బరువైన ఇనప పెనం మీద నూనె చుక్క లేకుండా కేవలం కాస్త మైదా చల్లి కాల్చాలి. సిమ్‌లో ఒక్కో వైపు ఆరేడు నిమిషాలు. తొందరపడి మంట పెంచితే పైన నల్లబడి మధ్యలో పిండి పిండిగా ఉంటుంది. ఓవెన్‌లోవంత ఎత్తు రావు, కానీ రెండు వైపులా కరకరలాడే పొట్టు వస్తుంది. మా ఇంట్లో పిల్లలకి ఇవే ఎక్కువ ఇష్టం.

ఎయిర్ ఫ్రయర్‌లో 180 దగ్గర పన్నెండు నిమిషాలు. ఫ్యాన్ గాలికి పైన త్వరగా ఎర్రబడుతుంది, ఎనిమిదో నిమిషంలో చూసుకోండి. కన్వెక్షన్ ఉన్న మైక్రోవేవ్ ఓటీజీలాగే పనిచేస్తుంది, మామూలు మైక్రోవేవ్‌లో మాత్రం పెట్టొద్దు.

ఇంకో మాట, ఇది మన ఉత్తరాంధ్ర జిల్లాలకే. అక్టోబరు మనకి తుపాను నెల. 2014లో హుద్‌హుద్ 12న, 2018లో తిత్లీ 11న తీరం దాటాయి, ఆ రెండుసార్లూ కరెంటు కోసం రోజులు లెక్కపెట్టాం. కరెంటు మీద నడిచేవి ఎన్ని కొన్నా, గ్యాస్ మీద చేసే పద్ధతి ఒకటి చేతిలో ఉంటే టెన్షన్ ఉండదు.

కాబట్టి ఆడపడుచుకి నేను చెప్పిందిది. స్కోన్ల కోసమే అయితే ఓటీజీ కొనొద్దు. నెలకి రెండు మూడు సార్లు కేకులూ, బిస్కట్లూ, బన్నులూ కూడా చేస్తావంటే కొను. ముందు క్రీమ్ ప్యాకెట్, మైదా, కొత్త బేకింగ్ పౌడర్ తెచ్చుకుని పెనం మీద చెయ్యి. అది నచ్చితే మూకుడు. అదీ కుదిరి, చలికాలం వచ్చాక వెన్నతో మొదలుపెట్టు.

పిండి, తీపి, ఇంకా చిల్లర విషయాలు

మొత్తం గోధుమ పిండితో చేస్తే బరువుగా వస్తాయి. సగం మైదా, సగం గోధుమ పిండి అయితే బావుంటుంది. రెండు చెంచాల పాలు ఎక్కువ పడతాయి. చోడి (రాగి) పిండి కూడా వేశాను. నాలుగో వంతు దాటితే విరిగి పొడైపోతాయి, ఆ లోపు అయితే బెల్లం తురుముతో అద్భుతం.

కోయడానికి స్టీలు గ్లాసు కన్నా చాకు మేలు. గ్లాసు అంచు మొద్దుగా ఉంటుంది, పైగా మనం దాన్ని తిప్పుతాం. తిప్పితే అంచులు అతుక్కుపోయి ఒక పక్కకి ఒరిగి పొంగుతాయి. చాకుతో పైనుంచి కిందకి ఒక్క కోత. మిగిలిన పిండిని మళ్లీ కలిపే పనీ ఉండదు.

అక్కడివాళ్లు ఎండుద్రాక్ష వేస్తారు. నేను భీమాళి మామిడి తాండ్రని బఠాణీ గింజంత ముక్కలు చేసి ఒక గుప్పెడు వేస్తాను, దానితో పాటు పలాస జీడిపప్పు పలుకులు. పైకి తేలిన తాండ్ర ముక్కలు మాడి చేదెక్కుతాయి, వేలితో లోపలికి నొక్కేయండి. ఇది ఒకసారి తిన్నాక మా ఇంట్లో ఎండుద్రాక్ష స్కోన్లు ఎవరూ అడగలేదు. తినేటప్పుడు విరిచి, మధ్యలో జామూ మీగడా రాసుకోవాలి. ఇంగ్లండ్‌లో డెవన్‌వాళ్లు ముందు క్రీమ్ రాస్తారు, పక్కనున్న కార్న్‌వాల్‌వాళ్లు ముందు జామ్ రాస్తారు, దాని మీద వాళ్లకి తరాల తగువు. మా అత్తగారు రెండూ పక్కన పెట్టి టీలో ముంచుకుంటారు.

స్కోన్లు ఏ పూటవి ఆ పూటే బావుంటాయి. మర్నాటికి మిగిలితే పెనం మీద మూతపెట్టి నాలుగు నిమిషాలు వేడిచేయండి. అంతకన్నా మంచి దారి, కాల్చకుండానే దాచుకోవడం. కోసిన ముక్కల్ని పళ్లెంలో విడివిడిగా ఫ్రీజర్‌లో పెట్టి, గట్టిపడ్డాక డబ్బాలో వేస్తే నెల రోజులు ఉంటాయి. కరిగించక్కర్లేదు, అలాగే వేడి ఓటీజీలో పెట్టి మూడు నాలుగు నిమిషాలు ఎక్కువ ఉంచితే చాలు. విజయనగరంలో పైడితల్లమ్మ సిరిమానోత్సవానికి ఇంటినిండా చుట్టాలు దిగుతారు కదా, పోయిన ఏడాది నేను సోమవారం రాత్రే రెండు వాయిలు కోసి ఫ్రీజర్‌లో పడేశాను. మంగళవారం సాయంత్రం అందరూ కోట దగ్గర సిరిమాను చూసి, జనంలో నలిగి, చెప్పులు విప్పుతూ లోపలికి వస్తుంటే, మొదటి వాయి ఓటీజీలో ఉంది.